గీత

కైరో నుంచి ఇరవై మూడు డబ్బాలు వచ్చాయి,
తుప్పు పట్టి, వెనిగర్ వాసన కొడుతూ.
సాలిగ్రామం లాబులో రాత్రి డ్యూటీ నాది.
దుమ్ము తుడవడం.
చీపురుతో కాదు, మౌసుతో.
ఫ్రేముకింతని లెక్కగట్టి ఇస్తారు.

డబ్బాల మీద అక్షరాలు మాకెవరికీ రావు.
ట్రిప్లికేన్ నుంచి అరబీ మాస్టారు హబీబుల్లా గారు
సాయంత్రం నమాజయ్యాక స్కూటర్ మీద వచ్చి
కళ్ళజోడు పైకి తోసుకుని చదివారు:
రతీబా నస్సార్.
అంతే. తక్కినది తుప్పు తినేసింది.
సినిమాలో ఏమంటోందండీ అని అడిగితే
"నాకొచ్చింది గ్రంథాల అరబీ, ఇది బజారుది.
చక్కెర గురించి ఏదో అంటోందమ్మా" అన్నారు.
అప్పుడామె ఏడుస్తోంది.

డబ్బాలు వరస తప్పి వచ్చాయి.
అందుకని నా దగ్గర ఆమె ముసలితనంతో మొదలైంది.
ఆగస్టులో అత్తగారు, నల్లముసుగు, పెద్ద గొంతు.
తర్వాత వితంతువు.
దీపావళి ముందు ఎవరికో అక్క,
కాఫీ పళ్ళెం పట్టుకుని గుమ్మం దగ్గరే ఆగిపోయే అక్క.
వేళచ్చేరి నీళ్ళలో మునిగిన వారం
ఆమె నైలు మీద పడవలో నాయిక.
డిసెంబరు ఆఖరికి మాటల్లేని సినిమాలో
పదిహేడేళ్ళ పిల్ల,
నోరు తెరిస్తే మాటకి బదులు నల్లటి పలక.
ఈ పిల్లకి ఇంకా ఏమీ జరగలేదు
అనుకున్నాను.

మా కింది వాటాలో మంగతాయారు గారుంటారు.
వడపళనిలో గుంపు వేషాలు,
రాణి వెనక వింజామర పట్టుకుని
నలభై సినిమాల్లో నిలబడ్డ మనిషి.
ఫోనులో రతీబా ఫొటోలు చూపిస్తే
అందం గురించి అనలేదు.
బియ్యంలో రాళ్ళేరుతూనే
"ఈవిడ ఎడం చెంప ఇవ్వదే" అంది.
"లైటు ఎటున్నా కుడికే తిరుగుతోంది చూడు.
ఏదో ఉందక్కడ.
మేమూ చేసేవాళ్ళం ఆ పని."

ఆ రాత్రి మళ్ళీ మొదటి నుంచి వేసుకుని చూశాను.
నిజమే.
ప్రేమించినా కుడి చెంపే,
లెంపకాయ తిన్నా కుడి చెంపే,
చావు మంచం మీద కూడా
ఎడమది దిండులో దాచుకుంది.
పదిహేడేళ్ళ పిల్ల కూడా.

ఇరవై రెండు డబ్బాలు అలా.
ఇంకొకటుంది, నాకు అన్నిటికంటే ముందు వచ్చింది,
అత్తగారిది.
దాని చివరి రీలులో ముసుగు తీసి
దీపం వైపు తిరుగుతుంది ఆమె,
ఎడమకి,
తొందర లేకుండా.
కంటి కింద నుంచి దవడ దాకా గీత.

ఆ గీత నాకు గుర్తుంది.
రెండొందల పన్నెండు ఫ్రేములు.
మిషను దాన్ని ఫిల్ము మీది గీరనుకుంది, నేనూ అనుకున్నాను.
గీరైతే ఫ్రేముకి అంటుకుని ఉండాలి.
ఇది ముఖంతో పాటు తిరిగింది.
తిరుగుతుంటే చూస్తూనే
టీ తాగుతూ తుడిచాను.
శుభ్రంగా వచ్చిందక్కా అంది సెల్వి.

ఎవరు గీశారో నాకు తెలీదు.
కత్తో, గాజుపెంకో, చిన్నప్పటి మెట్టో.
వేషాలన్నీ అయిపోయాక ఒక్కసారి
ఇదిగో, ఇదీ నేను అని చూపించింది.
డెబ్భై ఏళ్ళకి సాలిగ్రామంలో ఒకత్తె
దానికి మేకప్ వేసేసింది.

సూపర్వైజరుకి చెప్పాను.
పార్టీ ఓకే చేసింది, బిల్లు కూడా వచ్చేసింది,
ఇప్పుడెందుకమ్మా అన్నాడు.
పాత స్కాను మార్చి దాకా ఉంటుందిట సర్వరులో.
ఇవాళ ఫిబ్రవరి ఇరవై.
ఈసారి ఫ్రేముకి పైసా రాదు.

అందరూ వెళ్ళాక తెరిచాను.
మొదటి ఫ్రేములో ఆమె
ఇంకా తల తిప్పలేదు.